దీపా ధన్‌రాజ్ డాక్యుమెంటరీలు: ఎక్కడ మొదలుపెట్టాలి, ఎవరితో కలిసి చూడాలి?

వెన్నెలకిటికీ | శనివారం, రాత్రి 9:12

అందరికీ నమస్తే. పోయిన వారం మా క్యాంపస్‌లో ‘ఇది కథ మాత్రమేనా?’ వేశారు. 1983 సినిమా. నిడివి అరగంట కూడా ఉండదు. ఇంట్లో హింస, దాంతో పాటు ఆ ఇల్లాలి మనసు నెమ్మదిగా మూసుకుపోవడం. డిప్రెషన్ గురించి తెలుగులో అప్పుడే ఇంత నేరుగా మాట్లాడారని నాకు తెలియదు. మా హాస్టల్ వార్డెన్ చివరి వరుసలో నిలబడి మొత్తం చూశారు. మర్నాడు నన్ను పిలిచి, “ఆ సినిమా పేరు ఒక కాగితం మీద రాసివ్వమ్మా” అన్నారు. ఎందుకని నేను అడగలేదు, ఆవిడ చెప్పలేదు.

దర్శకురాలు దీపా ధన్‌రాజ్. హైదరాబాద్‌లో పుట్టిన మనిషి. నలభై ఏళ్లుగా ఇళ్లలో పనిచేసే ఆడవాళ్లు, పొగాకు కార్మికులు, పాతబస్తీ జనం, ముస్లిం మహిళలు, దళిత విద్యార్థుల మధ్య తిరుగుతూ సినిమాలు తీశారు. ఆవిడ గురించి తెలుగులో రాసింది చాలా తక్కువ దొరుకుతోంది. చూసినవాళ్లు చెప్పండి, ఏది ముందు చూడాలి?

పాతరీలు | శనివారం, రాత్రి 10:40

అమ్మా, మంచి చర్చ మొదలుపెట్టావు. వరుసలో చెబుతాను.

1980లో దీప, ఆభా భయ్యా, మీరా రావు, ఛాయాగ్రాహకుడు నవ్‌రోజ్ కాంట్రాక్టర్ కలిసి ‘యుగాంతర్’ అని ఒక బృందం పెట్టుకున్నారు. 1981 నుంచి 1983 లోపు నాలుగు చిన్న సినిమాలు తీశారు. పుణెలో పనిమనుషుల సమ్మె, యూనియన్ మీద ‘మోల్‌కరీన్’. కర్ణాటక సరిహద్దులో ఉన్న నిప్పాణి పొగాకు కార్మికుల మీద ‘తంబాకు చాకిలా ఊబ్ ఆలీ’. నువ్వు చూసిన ‘ఇది కథ మాత్రమేనా?’ను హైదరాబాద్‌లోని స్త్రీ శక్తి సంఘటన అనే మహిళా బృందంతో కలిసి తీశారు. చెట్లను నరకనివ్వకుండా కాపాడిన చిప్కో ఉద్యమంలో పనిచేసిన ఒక పల్లెటూరి స్త్రీ మీద ‘సుదేశ’. వీటితో మొదలుపెట్టు. ఒక్కొక్కటి చిన్నది, నాలుగూ ఒక్క సాయంత్రంలో అయిపోతాయి.

అవి ఎలా తీశారో తెలిస్తే చూసే తీరే మారుతుంది. అప్పట్లో 16 ఎం.ఎం. ఫిల్మ్. 400 అడుగుల రీలు పెడితే పదకొండు నిమిషాలు నడుస్తుంది, అంతే. ఫిల్మ్ ఖరీదు, కడిగించడం ఖరీదు, ప్రింటు ఖరీదు. ఇప్పటిలా రోజంతా కెమెరా ఆన్ చేసి పెట్టి, పనికొచ్చేది తర్వాత ఏరుకుందాం అంటే కుదరదు. అందుకని ముందు కెమెరా లేకుండా వెళ్లి కూర్చునేవారు. నిప్పాణిలో నెలల తరబడి ఆ ఆడవాళ్లతో ఉన్నారు. అప్పటికే జరిగిపోయిన సమ్మెను ఆ కార్మికులే కెమెరా ముందు మళ్లీ చేసి చూపించారు. నువ్వు చూసిన సినిమా కూడా అంతే. స్త్రీ శక్తి సంఘటన వాళ్లు తమ తమ అనుభవాలు చెప్పుకుంటూ పోతే అందులోంచి కథ పుట్టింది. ఆ పేరు చివర ప్రశ్నార్థకం ఊరికే పెట్టింది కాదు.

తీసిన తర్వాత సంగతి కూడా చెప్పాలి. అలాంటి సినిమాలకు థియేటర్ ఉండదు. ప్రొజెక్టరు మోసుకుని బస్తీకి వెళ్లడమే. 1980ల్లో మా ఫిల్మ్ సొసైటీ తరఫున నేను ప్రొజెక్టరు నడిపేవాణ్ణి. రెండు వెదురు గడల మధ్య దుప్పటి కట్టి, కరెంటు ఏ కిరాణా కొట్లోంచో లాగి వేసేవాళ్లం. రీలు మార్చేటప్పుడు వచ్చే ఆ నాలుగు నిమిషాల విరామంలోనే అసలు చర్చ జరిగేది. ఆడవాళ్లు చీకట్లోనే మాట్లాడేవారు. లైటు వేస్తే ఆపేసేవారు. అందుకని లైటు వేయడం మానేశాం.

తునికాకు | శనివారం, రాత్రి 11:05

నిప్పాణి సినిమా ఆన్‌లైన్‌లో దొరుకుతుందా అన్నా? మా అమ్మ కామారెడ్డి దగ్గర ఊర్లో ముప్పై ఏళ్లుగా బీడీలు చుడుతోంది. ఆమెకు చూపించాలని ఉంది.

పాతరీలు | శనివారం, రాత్రి 11:20

దొరుకుతుంది తల్లీ. యుగాంతర్ సినిమాలను డిజిటల్‌లోకి మార్చారు. బెర్లిన్‌లోని అర్సెనాల్ అనే సినిమా సంస్థ అందులో పెద్ద సాయం చేసింది. ఒక మాట ముందే చెబుతాను. నిప్పాణి వాళ్లు బీడీలు చుట్టేవాళ్లు కాదు. కార్ఖానాల్లో పొగాకు దంచి, చెరిగి, జల్లెడ పట్టేవాళ్లు. ఆ పొగాకే తర్వాత మీ అమ్మలాంటి వాళ్ల చాటలోకి వస్తుంది.

చార్మినార్ చాయ్ | ఆదివారం, ఉదయం 8:15

‘క్యా హువా ఇస్ షహర్ కో?’ పేరు ఎవరూ ఎత్తలేదేంటి. పాతబస్తీలో 1984 గొడవల మీద తీసింది. 1986లో వచ్చింది, గంటన్నర పైనే ఉంటుంది. హైదరాబాద్ ఏక్తా అనే సంస్థతో కలిసి తీశారు.

1984 నాకు బాగా గుర్తు. అప్పుడు తొమ్మిదేళ్లు, మా ఇల్లు శాలిబండ వైపు. ఆగస్టు 16న ఎన్టీఆర్ ప్రభుత్వాన్ని గవర్నర్ రద్దు చేశారు, నాదెండ్ల భాస్కరరావు ముఖ్యమంత్రి అయ్యారు. ఎమ్మెల్యేలను బెంగళూరు దగ్గర నంది కొండలకు తీసుకెళ్లి దాచారు. ఇదంతా పుస్తకాల్లో ఉంది. అదే నెల రోజుల్లో పాతబస్తీలో ఏం జరిగిందో మాత్రం పుస్తకాల్లో ఒక్క లైనులో పోతుంది. సెప్టెంబరులో గణేశ్ నిమజ్జనం, గొడవలు, కర్ఫ్యూ. మా నాన్న గాజుల దుకాణంలో రోజు కూలీ. కర్ఫ్యూ అంటే మాకు పోలీసుల కన్నా ముందు గుర్తొచ్చేది పిండి డబ్బా. సడలింపు రెండు గంటలిస్తే అమ్మ బిందె పట్టుకుని, నేను సంచి పట్టుకుని పరుగెత్తేవాళ్లం. సెప్టెంబరు 16న ఎన్టీఆర్ మళ్లీ ముఖ్యమంత్రి అయ్యారు. రాష్ట్రమంతా పండగ చేసుకుంది. మా గల్లీలో ఎవరి పని వాళ్లకు వెంటనే తిరిగి రాలేదు.

ఈ సినిమాను నేను ముప్పై దాటాక చూశాను. రెండు వైపుల నాయకులూ కెమెరా ముందు ధైర్యంగా మాట్లాడతారు. వాళ్ల మాటలకూ, ఇల్లు పోయిన వాళ్ల మాటలకూ మధ్య ఉన్న దూరం చూస్తే కడుపులో తిప్పింది. ‘హిందువులు ముస్లింలు కొట్టుకున్నారు’ అని చెప్పి వదిలేయకుండా, ఓట్లకూ గొడవలకూ ఉన్న లింకును పట్టుకుంటుంది. మా అమ్మీకి చూపించలేదు. ఆమె వద్దంది. “నేను చూసిందే కదా బేటా, మళ్లీ ఎందుకు” అంది. ఆ మాట కూడా ఇక్కడ పెట్టాలనిపించింది. మన బాధ మీద తీసిన సినిమా మనం తప్పకుండా చూడాలనేం లేదు.

నర్సమ్మ కబుర్లు | ఆదివారం, మధ్యాహ్నం 2:30

నేను ఏఎన్ఎంగా, అంటే ఊళ్లలో తిరిగే ప్రభుత్వ నర్సుగా, ముప్పై రెండేళ్లు చేసి రిటైరయ్యాను. జిల్లా పేరు చెప్పను, పీహెచ్‌సీ (ప్రాథమిక ఆరోగ్య కేంద్రం) పేరు అసలే చెప్పను. మా అమ్మాయి ‘సమ్‌థింగ్ లైక్ ఎ వార్’ చూపించింది. 1991 సినిమా, మన కుటుంబ నియంత్రణ కార్యక్రమం మీద. అది చూసి రెండు రాత్రులు నిద్ర పట్టలేదు. ఎందుకంటే ఆ ఆపరేషన్ క్యాంపులకు ఆడవాళ్లను జీపు ఎక్కించి తీసుకెళ్లిన మనిషిని నేనే.

తెలియని పిల్లలకు చెబుతాను. ఎమర్జెన్సీలో, 1976-77 ఒక్క ఏడాదిలో, దేశంలో 80 లక్షల మందికి పైగా పిల్లలు పుట్టకుండా ఆపరేషన్లు చేశారు. ఎక్కువ మంది మగవాళ్లే. బలవంతంగా పట్టుకెళ్లారని జనం తిరగబడ్డారు, ప్రభుత్వమే పడిపోయింది. ఆ తర్వాత మగవాళ్ల జోలికి పోవడానికి ఎవరికీ ధైర్యం చాలలేదు. మొత్తం భారం ఆడవాళ్ల మీదికి తిప్పారు. చిన్న గాటులోంచి లోపలికి పంపే గొట్టం, ల్యాపరోస్కోపు, రావడంతో నిమిషాల్లో అయిపోయే పని అయింది. ఆ సినిమాలో ఒక డాక్టరు గారు తన వేగం గురించి, తాను చేసిన లెక్క గురించి గొప్పగా చెప్పుకుంటారు. అలాంటి వాళ్లను నేను చూశాను. చెడ్డవాళ్లు కారు. వాళ్లకు ఎదురుగా ఉన్నది మనిషి అనే ధ్యాస మాత్రం ఎప్పుడో పోయింది.

మాకు ఏడాదికి ఇన్ని కేసులని టార్గెట్. మార్చి దగ్గరపడితే టెన్షన్. మీటింగులో నిలబెట్టి అందరి ముందూ నంబరు అడుగుతారు. తక్కువ చెబితే ఇంక్రిమెంట్ ఆపుతామంటారు. నేను బాలింతల ఇళ్లకు తిరిగి, అత్తలను ఒప్పించి, భర్తలను ఒప్పించి తీసుకొచ్చేదాన్ని. ఆమెను మాత్రం చివర్లో అడిగేదాన్ని. స్కూలు గదిలో క్యాంపు. బల్లల మీద ఆపరేషన్, కింద జంపఖానా మీద వరసగా పడుకోబెట్టడం. మత్తు దిగకముందే బిడ్డను పక్కన పెట్టి పాలివ్వమనేవాళ్లం.

1996లో టార్గెట్లు ఎత్తేశామన్నారు. తర్వాత దానికి ‘ఎక్స్‌పెక్టెడ్ లెవెల్ ఆఫ్ అచీవ్‌మెంట్’, అంటే సాధించాల్సిన స్థాయి, అని పేరొచ్చింది. మీటింగులో నిలబెట్టడం ఆగలేదు.

ఆ సినిమాలో నాకు నచ్చింది ఇంకోటి ఉంది. మధ్యమధ్యలో కొందరు ఆడవాళ్లు గుండ్రంగా కూర్చుని, శరీరం బొమ్మ వేసుకుని, ఎక్కడ ఏముంటుంది, ఎక్కడ నొప్పి, ఎక్కడ సంతోషం అని మాట్లాడుకుంటారు. నవ్వుకుంటారు కూడా. ముప్పై రెండేళ్ల ఉద్యోగంలో నేను ఏ ఆడమనిషితోనూ అలా కూర్చోలేదు. కూర్చోవచ్చని నాకు ఎవరూ చెప్పలేదు.

పాతరీలు | ఆదివారం, మధ్యాహ్నం 3:10

నర్సమ్మ గారూ, మీరు రాసినదానికి చేతులెత్తి దండం పెడుతున్నాను.

దీనికి మన దగ్గర ఇంకో కొస ఉంది. 1985లో పటాన్‌చెరు పీహెచ్‌సీలో నెట్-ఎన్ అనే గర్భనిరోధక ఇంజెక్షన్ పరీక్షలకు పేద ఆడవాళ్లను తీసుకొచ్చారు. అది ప్రయోగమని వాళ్లకు సరిగ్గా చెప్పలేదు. స్త్రీ శక్తి సంఘటన వాళ్లు అక్కడికి వెళ్లి ఆడవాళ్లతో మాట్లాడారు. 1986లో సుప్రీంకోర్టులో కేసు వేశారు. అంటే ‘ఇది కథ మాత్రమేనా?’ తీసిన ఆ బృందమే. ఆ స్నేహం, ఆ తిరుగుడు చూశాక 1991 సినిమా హఠాత్తుగా ఊడిపడింది కాదని అర్థమవుతుంది. దీప గారు ఒక విషయం ‘ఎంచుకుని’ తీసే మనిషి కాదని నా నమ్మకం. అప్పటికే ఆ పనిలో ఉన్నవాళ్ల పక్కన నిలబడి తీశారు.

వెన్నెలకిటికీ | ఆదివారం, సాయంత్రం 5:45

అది 1991 నాటి సంగతి అనుకోవడానికి కూడా లేదు. 2014 నవంబరులో ఛత్తీస్‌గఢ్‌లోని బిలాస్‌పూర్ దగ్గర ఒక్క రోజులో 83 మందికి ఆపరేషన్లు చేస్తే పది మందికి పైగా చనిపోయారు. 2016లో సుప్రీంకోర్టు ఈ క్యాంపులు మూడేళ్లలో ఆపేయమంది. 2022 ఆగస్టులో మన ఇబ్రహీంపట్నంలో ఒక్క రోజులో 34 మందికి చేశారు. నలుగురు పోయారు. నాకంటే మూడు నాలుగేళ్లు పెద్దవాళ్లు. ఆంధ్రప్రదేశ్‌లో పెళ్లయిన ఆడవాళ్లలో మూడింట రెండొంతుల మంది ఈ ఆపరేషన్ చేయించుకున్నవాళ్లే. మగవాళ్లు నూటికి ఒకరు కూడా లేరు. మా అమ్మకు ఇరవై మూడేళ్లకే అయిపోయింది. ఇవాళ ఫోన్ చేసి మొదటిసారి అడిగాను, “నిన్ను అడిగారా అమ్మా?” అని. “ఎవరు అడుగుతారే” అంది.

వెలివాడ గుర్తు | ఆదివారం, రాత్రి 9:30

అందరూ మెచ్చుకుంటున్నారు, నేను వేరే మాట చెప్పాలి. కోపంతో కాదు. ఈ మాట చెప్పకుండా ఈ చర్చ పూర్తి కాదని.

2016లో నేను హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో ఉన్నాను. ఐదుగురు అంబేద్కర్ స్టూడెంట్స్ అసోసియేషన్ విద్యార్థులను హాస్టళ్ల నుంచి బయటికి పంపారు. వాళ్లు క్యాంపస్ దుకాణాల సముదాయం షాప్‌కామ్ దగ్గర ఫ్లెక్సీలు కట్టుకుని, వాటి మీద అంబేద్కర్ బొమ్మతో, చలిలో పడుకున్నారు. దానికి వెలివాడ అని పేరు పెట్టారు. రెండు వారాలు అక్కడే ఉన్నారు. అప్పుడు కెమెరాలు చాలా తక్కువ. జనవరి 17న వాళ్లలో ఒకడైన రోహిత్ వేముల చనిపోయాడు. మర్నాటి నుంచి గేటు బయట టీవీ చానళ్ల ఓబీ వ్యాన్లు నిలబడ్డానికి చోటు లేదు.

దీపా ధన్‌రాజ్ ‘వియ్ హావ్ నాట్ కమ్ హియర్ టు డై’ (మేం ఇక్కడికి చావడానికి రాలేదు) 2018లో వచ్చింది. మంచి సినిమా. విద్యార్థులు తమ మాటల్లో మాట్లాడతారు, ఎవరి మీదా జాలి పడమని అడగరు. ఆ పేరే ఒక జవాబు. నా ప్రశ్న ఆవిడ మీద కాదు. అట్టడుగు జనం మీద సినిమా అంటే ఎప్పుడూ ఎవరో వచ్చి తీయాలా? మా ఇళ్లల్లో పుట్టినవాడి చేతికి కెమెరా ఎప్పుడు వస్తుంది? మా చావు తర్వాత కాకుండా, మా పెళ్లిళ్లు, మా పాటలు, మా పరీక్షల ఫలితాలు ఎవరు తీస్తారు?

ఎడిటింగ్ టేబుల్ | ఆదివారం, రాత్రి 10:20

అన్నా, ఈ ప్రశ్న నన్ను రోజూ తింటుంది. నేను డాక్యుమెంటరీలే తీస్తాను. మాది భూమి ఉన్న కుటుంబం. డ్రైనేజీలోకి దిగే కార్మికుల మీద ఒకటి మొదలుపెట్టి ఆపేశాను. మ్యాన్‌హోల్ పక్కన నిలబడి షూట్ చేస్తుంటే, లోపలున్న అతను పైకి చూసి “సార్, మా పిల్లల స్కూల్లో ఇది చూస్తారా?” అన్నాడు. కెమెరా కింద పెట్టేశాను. ఈ పనిని ఆపడానికి 1993లో ఒక చట్టం, 2013లో ఇంకో చట్టం వచ్చినా మనుషులు దిగుతూనే ఉన్నారని లోకానికి చూపించాలనుకున్నాను. అతనికి కావలసింది వేరు. తన కొడుకు బెంచీ మీద తలెత్తుకుని కూర్చోవాలి.

దీప గారి పద్ధతిలో నేను నేర్చుకుంటున్నది ఇదే. ముందు నిప్పాణిలా నెలలు గడపాలి. ఏం చూపించాలో, ఏం వద్దో వాళ్లు చెప్పే దాకా ఆగాలి. అనుమతి అంటే ఫారం మీద సంతకం అని మాకు కోర్సులో నేర్పారు. ఆ సంతకం చేసిన మనిషి తర్వాత మనసు మార్చుకుంటే ఏం చేయాలో నేర్పలేదు.

పాతరీలు | ఆదివారం, రాత్రి 11:00

వెలివాడ తమ్ముడూ, నీ ప్రశ్న న్యాయమైంది. ఒక్కటి మాత్రం గుర్తు చేస్తాను. కెమెరా మనవాళ్ల చేతికి అసలు రాలేదని కాదు. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ దళిత మహిళలు 1990ల చివర్లోనే వీడియో నేర్చుకున్నారు. కూలి పనులు చేసుకునేవాళ్లు. చాలామందికి చదువు రాదు. వరంగల్ వెళ్లి, జన్యువులు మార్చిన బీటీ పత్తి వేసిన రైతులతో మాట్లాడి సినిమా తీశారు. అదే ప్రాంతంలో మాచ్‌నూర్ నుంచి 2008లో సంఘం రేడియో మొదలైంది.

వాళ్లు షాట్లకు తమ పేర్లు పెట్టుకున్నారు. పై నుంచి కిందికి చూసేది పటేల్ షాట్. కళ్లకు కళ్లు సమానంగా ఉండేది సంఘం షాట్, ఎందుకంటే సంఘంలో అందరూ కిందే కూర్చుంటారు కాబట్టి. నేను ఎన్నో సినిమా పుస్తకాలు చదివాను. కెమెరా ఎత్తు గురించి ఇంతకంటే సూటిగా చెప్పినవాళ్లు లేరు.

వెలివాడ గుర్తు | సోమవారం, ఉదయం 7:10

సంఘం షాట్. ఇది నాకు తెలియదు అన్నా. మా అమ్మమ్మది ఆ వైపే. థాంక్స్.

అయినా నా మాట వెనక్కి తీసుకోను. ఆ అక్కలు తీసిన సినిమాలు ఎంతమంది చూశారు, ఏ ఫెస్టివల్‌లో ఎంత చర్చ జరిగింది? అది కూడా అడగాల్సిందే. ఎడిటింగ్ టేబుల్ అన్నా, నువ్వు ఆపేయకు. ఆ కార్మికుడి కొడుకు ఎంత చదివాడో కనుక్కో. కెమెరా నేర్చుకుంటాడేమో అడుగు.

చార్మినార్ చాయ్ | సోమవారం, ఉదయం 9:00

ఇంకో రెండు సినిమాలు త్వరగా చెప్పేస్తా, మళ్లీ మర్చిపోతాం. 2011లో ‘ఇన్వోకింగ్ జస్టిస్’. తమిళనాడులో కుటుంబ తగాదాలు తేల్చే జమాత్‌లలో, అంటే మసీదు పెద్దల పంచాయతీల్లో, అందరూ మగవాళ్లే. ఆడదాని కేసు విచారించేటప్పుడు ఆమెను లోపలికి కూడా రానివ్వరు. 2004లో కొందరు ముస్లిం ఆడవాళ్లు తమ జమాత్ తామే పెట్టుకున్నారు. 12 జిల్లాల్లో 12,000 మంది దాకా చేరారు. మా చెల్లి విడాకుల గొడవలో మేం మసీదు మెట్ల మీద కూర్చుని ఎదురుచూశాం. అందుకే ఈ సినిమాలో ఆడవాళ్లు ఫైళ్లు చేత్తో పట్టుకుని ఊరూరా తిరుగుతుంటే నాకు ఊపిరి ఆడింది.

2007లో ‘ది అడ్వొకేట్’ మన పౌరహక్కుల లాయరు కన్నబిరాన్ గారి మీద. కుట్ర కేసులు, ఎన్‌కౌంటర్ల కేసులు, గిరాయిపల్లి ఎన్‌కౌంటర్ మీద విచారణకు వేసిన భార్గవ కమిషన్. లాయర్లు, లా చదివే పిల్లలు తప్పకుండా చూడాలి.

మోడరేటర్ | సోమవారం, ఉదయం 11:30

చర్చ ఇంత మర్యాదగా సాగుతున్నందుకు సంతోషం. నర్సమ్మ గారి పోస్టు కింద ఒక సభ్యుడు ఆవిణ్ణి తిడుతూ రాసింది తీసేశాను. జరిగింది నిజాయితీగా చెప్పిన మనిషిని నిలదీసే చోటు కాదు ఇది.

నర్సమ్మ కబుర్లు | సోమవారం, మధ్యాహ్నం 1:15

తీయకుండా ఉండాల్సింది బాబూ. అతను రాసింది చదివాను. వాళ్ల అమ్మ ఆపరేషన్ తర్వాత ఏళ్ల తరబడి నడుం నొప్పితో పడిందట. అతని కోపం న్యాయమే. వీలైతే నాతో మాట్లాడమని చెప్పండి.

తునికాకు | సోమవారం, రాత్రి 10:10

నిన్న సాయంత్రం అమ్మకు చూపించిన. లాప్‌టాప్ గద్దె మీద పెట్టిన. బీడీలు చుట్టే టైములోనే, ఎందుకంటే అమ్మ చేతులు ఖాళీగా ఉంటే కూర్చోదు. పక్కింటి ఇద్దరు, ఎదురింటి పెద్దమ్మ కూడా చాటలు పట్టుకుని వచ్చిన్రు. మాటలు మరాఠీ. కింద ఇంగ్లిష్ అక్షరాలు చూసి నేను మన మాటలో చెప్పుకుంటూ పోయిన. కొన్ని నాకే అర్థం కాలేదు.

పొగాకు దుమ్ము లేచే సీను రాంగనే పెద్దమ్మ కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది. తెర మీద దుమ్ముకే. తర్వాత ఎవరూ మాట్లాడలేదు, కత్తెరల చప్పుడు ఒక్కటే. యూనియన్ మీటింగు వచ్చినప్పుడు మాత్రం చేతులు ఆగినయి. ఇరవై ఐదు బీడీల కట్ట సగం కట్టి ఒళ్లో పెట్టుకుని చూసిన్రు. అయిపోయినంక అమ్మ ఒక్క మాట అడిగింది: “ఈళ్లు అందరు ఒక్క కార్ఖానాల ఉన్నరు. మేం ఎవలింట్ల వాళ్లమే. మేమెట్ల కూడాలె?”

నా దగ్గర జవాబు లేకుండె. పెద్దమ్మ అంది, మంగళవారం ఆకు ఇచ్చే రోజు అందరం కంపెనీ ముంగట లైన్ల నిలబడతం కదా, రెండు గంటలు. అప్పుడు చూపియ్యమంది. తూకంల ఆకు తక్కువ ఇస్తున్నరని, తీసేసిన బీడీలకు పైసలు కట్ చేస్తున్నరని అక్కడ్నే అడగాలంట. ఇరవై మంది దాకా అయితరు. నాకు మరాఠీ రాదు, అదే భయం.

పాతరీలు | సోమవారం, రాత్రి 10:25

నాకు వచ్చు. పదిహేనేళ్లు షోలాపూర్‌లో ఉన్నాను. ఈ రాత్రే కూర్చుని మాటలన్నీ తెలుగులో రాసి పంపుతాను. నువ్వు వాటిని మీ ఊరి మాటలోకి తిప్పి గట్టిగా చదువు. రేపు ఎన్నింటికి లైను?

తునికాకు | సోమవారం, రాత్రి 10:31

పొద్దున తొమ్మిదింటికి. స్పీకరు నా దగ్గరుంది.